ముందు పైసలిచ్చినవాడు: కరోనా తర్వాత విమానయానం



ఎవరి స్మారకంగా ఈ సభ జరుగుతోందో ఆ సార్ పేరు ఆహ్వాన పత్రికలో ఎట్లా వేయాలని అడిగితే, "లెక్కల సార్" అని వేయండి చాలు అన్నారట ఇంటివాళ్లు. ఈ ఉపన్యాసంలో కూడా అట్లనే ఉంటుంది. మందమర్రిలో ఆ పిలుపు ఇంకెవరికీ లేదు గనుక పొరపడే భయం లేదు. బాయి కార్మికుల పిల్లలకు మూడు తరాల పాటు లెక్కలు చెప్పిన మనిషి. సాయంత్రమైతే ఆయన ఇంటి అరుగు మీద ఇంకో బడి నడిచేది. దుబాయికో మస్కట్‌కో కువైట్‌కో పోయేవాళ్లు వీసా కాగితం, టికెట్టు, ఏజెంటు రాసిచ్చిన చీటీ పట్టుకొని వచ్చేవాళ్లు. సార్ అదే కాగితం వెనక లెక్క వేసేవారు. అప్పు ఎంత, నూటికి రెండు రూపాయల మిత్తి చొప్పున నెలకు ఎంత, అక్కడి జీతంలోంచి అది తీరడానికి ఎన్ని నెలలు. అంతకంటే ముందు ఒక సంగతి చూడమనేవారు: ఈ బేరంలో ముందుగా పైసలు పెడుతున్నది ఎవరు?

ఇయ్యాల నేను చేయబోయేది ఆ ఒక్క ప్రశ్నను ప్రపంచ విమానయానానికి వేయడం. బొగ్గు ఊళ్లో విమానాల ముచ్చట ఏమిటని కొందరికి అనిపించవచ్చు. 1990 ప్రాంతంలో సింగరేణిలో లక్షకు పైగా కార్మికులు ఉండేవాళ్లు. ఇప్పుడు 40 వేల దరిదాపుల్లో ఉన్నారు. తండ్రి బాయిలో దిగితే కొడుక్కూ బాయిలోనే పని అన్న రోజులు పోయాయి. ఆ కొడుకుల్లో ఎందరు శంషాబాద్ మీదుగా సముద్రం దాటారో ఈ హాల్లో చేతులెత్తమంటే తెలుస్తుంది. ఎత్తమననులెండి.

నేను చెప్పదలచుకున్నది ఒకటే. కరోనాలో కూలిన విమాన కంపెనీలు లేచాయి. వాటికి అప్పిచ్చిన బ్యాంకులు, విమానాలు అద్దెకిచ్చిన కంపెనీలు, పెట్టుబడి పెట్టిన ప్రభుత్వాలు తమ తమ భద్రత చూసుకున్నాయి. టికెట్టు కొని ముందుగా పైసలిచ్చినవాడు మాత్రం 2020లో ఎక్కడున్నాడో ఇప్పుడూ అక్కడే ఉన్నాడు.

1. ఎవరి పైసలతో ఎగురుతుంది

మనం చూసే విమానాల్లో ఎక్కువ భాగం వాటి మీద పేరు రాసుకున్న కంపెనీవి కావు. మన దేశంలో తిరిగేవాటిలో నూటికి 80 దాకా అద్దె విమానాలే. వాటి యజమానుల్లో చాలామంది ఐర్లండ్‌లో ఉంటారు. ఇంధనం చమురు కంపెనీది, నేల విమానాశ్రయానిది. రోజువారీ ఖర్చుకు చేతిలో ఆడే డబ్బు ప్రయాణికుడిది. దసరాకు రావాలనుకున్నవాడు జూన్‌లోనే టికెట్టు కొంటాడు. ఆ మూడు నాలుగు నెలలూ ఆ పైసలు కంపెనీ దగ్గర మిత్తి లేకుండా ఉంటాయి. టికెట్టు కొన్నవాడు కూడా అప్పిచ్చినవాడే, కాకపోతే ఎవరూ అతనికి నోటు రాసివ్వరు.

ఇంత డబ్బు తిప్పే వ్యాపారంలో లాభం ఎంతనుకుంటారు? ప్రపంచ విమాన కంపెనీల సంఘం ఐయాటా లెక్కలో 2024 మంచి సంవత్సరం. ఆ ఏడు సుమారు 480 కోట్ల ప్రయాణాలు జరిగాయి. లాభం 3,200 కోట్ల డాలర్లకు పైన. వినడానికి పెద్ద సంఖ్యే గాని, తలకు పంచితే ఒక్కో ప్రయాణికుడి మీద 7 డాలర్ల లోపు, అంటే సుమారు 600 రూపాయలు. శంషాబాద్‌లో ఇద్దరు కూర్చొని దోసె తిని కాఫీ తాగితే అయిపోయే డబ్బు. ఇంత సన్నటి లాభం మీద నడిచే కంపెనీకి పది రోజులు ఆగడం కష్టం. 2020లో నెలలకు నెలలు ఆగింది.

2. ఆగిన ఏడాది

మార్చి 23 నుంచి మన దేశంలోకి అంతర్జాతీయ విమానాలు లేవు, 25 నుంచి దేశం లోపలివీ లేవు. 2019లో ప్రపంచమంతా 450 కోట్ల ప్రయాణాలు జరిగితే 2020లో 180 కోట్లకు పడిపోయాయి. ఆ ఒక్క ఏడాది విమాన కంపెనీల నష్టం దాదాపు 13,700 కోట్ల డాలర్లు. శంషాబాద్‌లో 2019-20లో 2.1 కోట్లకు పైగా ఉన్న ప్రయాణికులు మరుసటి ఏడాది 80 లక్షలకు దిగారు.

అప్పుడు ఎవరిని ఎవరు ఆదుకున్నారో చూడండి. అమెరికా ప్రభుత్వం ప్రయాణికుల విమాన కంపెనీల జీతాలకే మొదటి విడతలో 2,500 కోట్ల డాలర్లు ఇచ్చింది. జర్మనీ లుఫ్తాన్సాకు 900 కోట్ల యూరోల సాయం ప్రకటించి, అందులో వాటా కూడా రాయించుకుంది. దుబాయి ప్రభుత్వం ఎమిరేట్స్‌లో తొలుత 200 కోట్ల డాలర్లు పెట్టింది. ఆ ఎమిరేట్స్ 2023-24లో 470 కోట్ల డాలర్ల లాభం చూపింది. పెట్టినవాళ్లు తెలివిగానే పెట్టారు. మన కేంద్రం ప్రైవేటు కంపెనీలకు నేరుగా నగదు ఇవ్వలేదు, తర్వాత హామీ మీద రుణాలు ఇప్పించింది.

మరి మన కంపెనీలు ఆ నెలలు ఎట్లా గట్టెక్కాయి? ఒక దారి, రద్దయిన టికెట్ల పైసలు వెనక్కి ఇవ్వకుండా తమ దగ్గరే ఉంచుకోవడం. దానికి క్రెడిట్ షెల్ అని పేరు పెట్టారు. మీ పైసలు మా దగ్గర భద్రం, తర్వాత ఎప్పుడైనా ఎగరండి అని దాని అర్థం. దీని మీద ప్రవాసీ లీగల్ సెల్ అనే సంస్థ సుప్రీంకోర్టుకు పోయింది. గల్ఫ్ కార్మికుల కేసులు పట్టించుకునే సంస్థ కోర్టుకెక్కితే ఈ దేశంలో విమాన ప్రయాణికులందరికీ తీర్పు వచ్చింది. మన గల్ఫ్ వాళ్లను అమాయకులని అనేవాళ్లకు ఈ సంగతి చెప్పండి.

2020 అక్టోబర్ 1న తీర్పు వచ్చింది. లాక్‌డౌన్ రోజుల్లో, లాక్‌డౌన్ రోజుల ప్రయాణానికి కొన్న టికెట్టుకైతే వెంటనే పూర్తి డబ్బు ఇవ్వాలి. అంతకు ముందు కొన్నవాటికి పదిహేను రోజుల్లో ఇవ్వాలి. ఇవ్వలేని స్థితిలో ఉన్న కంపెనీ అయితే 2021 మార్చి 31 దాకా క్రెడిట్ షెల్ పెట్టుకోవచ్చు. ఊరికే పెట్టుకోకూడదని దాని విలువ కూడా పెంచమన్నారు: 2020 జూన్ 30 దాకా నెలకు అర శాతం, ఆ తర్వాత ముప్పావు శాతం.

ఇక్కడ పలక తీసుకోండి. దుబాయి టికెట్టుకు అప్పు తెచ్చినవాడు ఊళ్లో నెలకు రెండు శాతం కడుతున్నాడు. కోర్టు పుణ్యమా అని కంపెనీ నుంచి ముప్పావు శాతం వస్తుంది, అదీ కాగితం మీద. మిగిలిన ఒకటింపావు శాతం అతని జేబులోంచి పోతుంది. విమాన కంపెనీ బతకడానికి కోరుట్లలోనో లక్సెట్టిపేటలోనో ఒక కూలి మనిషి నెల నెలా మిత్తి కట్టాడన్నమాట. ఇది నేను కోపంతో అంటున్న మాట కాదు, కూడికా తీసివేతా.

ఇంకో చిక్కు. ఏజెంటు ద్వారా కొన్న టికెట్టయితే డబ్బు ఏజెంటు ఖాతాకు పోవాలి, ఆయన వెంటనే ప్రయాణికుడికి ఇవ్వాలి అన్నారు. చట్టం లెక్కన సబబే. మన దగ్గర ఆ ఏజెంటుకు ఇంకో సబ్ ఏజెంటు, అతనికి ఊళ్లో ఒక మనిషి. పైసలు నోట్ల కట్టగా పోయాయి, రసీదు లేదు. పైనుంచి దిగి రావలసిన డబ్బు ఏ మెట్టు మీద ఆగిందో వెతకడానికి ఆ మనిషి మస్కట్ క్యాంపులో ఉన్నాడు. కంపెనీ మూతపడి, వీసా గడువు దాటి, కాగితాల్లేని ఖల్లివెల్లి అయిపోయినవాళ్ల గతి అయితే చెప్పనక్కర లేదు.

ఆ తీర్పుకు ముందే, 2020 మే 7న, చిక్కుకున్నవాళ్లను తెచ్చే వందే భారత్ విమానాలు మొదలయ్యాయి. కువైట్ నుంచి మొదటిది 9న హైదరాబాద్‌లో దిగింది. చాలామంది ఆ టికెట్టు పైసలు కూడా సొంతంగానే కట్టుకున్నారు. అంటే వచ్చేందుకు ముందే కొన్న టికెట్టు కంపెనీ దగ్గర ఇరుక్కుంది, వచ్చేందుకు మళ్లీ ఇంకోటి కొనాలి. ఆ విమానాలు లేకపోతే ఇంకా ఎన్ని నెలలు చిక్కుకుపోయేవాళ్లో, ఆ మేలు నేను తక్కువ చేయను. ఆ మేలుకు ఖర్చు ఎవరు పెట్టుకున్నారో కూడా రాసి ఉంచాలి.

3. మూతపడ్డప్పుడు వరుస

గో ఫస్ట్ కథ మీలో కొందరికి గుర్తుంటుంది. ముంబై నుంచి గల్ఫ్‌కు కూడా నడిచిన కంపెనీ. దాని దగ్గర 54 విమానాలు ఉండేవి. ప్రాట్ అండ్ విట్నీ ఇంజన్లు పాడై సగం దాకా నేల మీదే ఉండిపోయాయని చెప్పి 2023 మే 2న దివాలా దరఖాస్తు పెట్టింది, మరుసటి రోజు నుంచి ఎగరలేదు. మే 10న కంపెనీ లా ట్రిబ్యునల్ దరఖాస్తును తీసుకుంది. దాంతో మారటోరియం వచ్చింది, ఎవరూ ఏ ఆస్తీ కదిలించకూడదు.

విమానాలు అద్దెకిచ్చినవాళ్లు భగ్గుమన్నారు. మా విమానం మాకు ఇవ్వకపోతే మీ దేశానికి ఇంక అద్దెకివ్వం, ఇచ్చినా కిరాయి పెంచుతాం అన్నారు. కిరాయి కట్టకపోతే విమానం వెనక్కి తీసుకునే హక్కిచ్చే 2001 నాటి కేప్‌టౌన్ ఒప్పందం వాళ్ల చేతిలో ఉంది. మన దేశం 2008లోనే దానిలో చేరింది గాని, ఇక్కడ దానికి తగ్గ చట్టం చేయలేదు. ఇప్పుడు ఎంత తొందరగా పని జరిగిందో చూడండి. 2023 అక్టోబర్ 3న విమానాలకు మారటోరియం వర్తించదని కేంద్రం నోటిఫికేషన్ ఇచ్చింది. 2024 ఏప్రిల్ 26న ఆ విమానాల రిజిస్ట్రేషన్ తీసేయమని ఢిల్లీ హైకోర్టు చెప్పింది. 2025 ఏప్రిల్ మొదటి వారానికి పార్లమెంటు ఉభయ సభలూ ప్రత్యేక చట్టమే చేశాయి. రెండేళ్లలో నోటిఫికేషను, తీర్పు, చట్టం. మన వాటా నీళ్ల కోసం, మన ఉద్యోగాల కోసం ఎన్నేళ్లు తిరిగామో తెలిసినవాళ్లం కాబట్టి ఈ వేగాన్ని మెచ్చుకోక తప్పదు.

ఆ చట్టం తప్పని నేను అనను. అద్దె విమానాలు రాకపోతే ఛార్జీలు ఇంకా పెరుగుతాయి, ఆ దెబ్బ మనకే. నా ప్రశ్న టికెట్టు కొన్నవాడి గురించి. గో ఫస్ట్‌ను 2025 జనవరిలో అమ్మేసి లెక్క తేల్చమన్నారు. 2019 ఏప్రిల్ 17న ఆగిపోయిన జెట్ ఎయిర్‌వేస్‌ను 2024 నవంబర్ 7న సుప్రీంకోర్టు అట్లనే అమ్మేయమంది. దివాలా చట్టం 53వ సెక్షన్లో ఎవరికి ముందు, ఎవరికి వెనక అన్న వరుస ఉంది. దివాలా ప్రక్రియ ఖర్చులు, కార్మికుల బాకీలు, తాకట్టు ఉన్న బ్యాంకులు, ఉద్యోగులు, ప్రభుత్వ పన్నులు, ఇట్లా పోయి పోయి, మిగతా బాకీలు అన్న చోట టికెట్టు కొన్నవాడు నిలబడతాడు. అతని వెనక ఉండేది కంపెనీ వాటాదారులే.

మన ఊళ్లలో చిట్టీ నడిపేవాడు రాత్రికి రాత్రి మాయమైతే ఏమవుతుందో మీకు చెప్పనక్కర లేదు. పాట పాడుకొని ముందే ఎత్తుకున్నవాడికి ఏమీ కాదు, కిస్తీలు కట్టుకుంటూ కూర్చున్నవాడే మునుగుతాడు. విమానం వెనక్కి తీసుకుపోయినవాడు మొదటి రకం, చేతిలో పీఎన్ఆర్ నంబరు మిగిలినవాడు రెండో రకం.

4. కోలుకున్నాక

ఇప్పుడు విమానాశ్రయాలు కిటకిటలాడుతున్నాయి. 2023-24లో శంషాబాద్ 2.5 కోట్ల ప్రయాణికులను చూసింది, కరోనాకు ముందుకంటే ఎక్కువ. మరి ఛార్జీలు ఎందుకు దిగలేదు?

విమానాలు చాలడం లేదు. ప్రాట్ అండ్ విట్నీ 2023 జూలైలో తన ఇంజన్లలో లోహపు పొడి కల్తీ దోషం ఉందని బయటపెట్టింది. దాంతో ప్రపంచమంతా వందల విమానాలు తనిఖీ కోసం నేల మీద నిలిచాయి. ఒక్క ఇండిగోవే 2024 మొదట్లో 70కి పైగా. బోయింగ్‌కు 2024 జనవరి 5న అలాస్కా విమానం తలుపు పలక ఊడిపడ్డ దగ్గర్నుంచి తిప్పలే. అదే ఏడు సమ్మె కూడా వచ్చింది. కంపెనీలు ఆర్డరిచ్చి ఎదురుచూస్తున్న విమానాలు 17 వేల దాకా ఉన్నాయి. 2023లో ఎయిరిండియా 470, ఇండిగో 500 విమానాలకు ఆర్డర్లు ఇస్తే టీవీల్లో పండగ చేశారు. అవి రావడానికి ఏళ్లు పడుతుంది.

కంపెనీలూ మిగలలేదు. 2022 జనవరి 27న ఎయిరిండియా టాటాల చేతికి పోయింది, 2024 నవంబర్‌లో విస్తారా దానిలో కలిసింది. ఇవాళ దేశంలో పదిమంది ఎగిరితే తొమ్మిదిమంది ఇండిగోలోనో టాటాల విమానంలోనో ఉంటారు. రెండేళ్లలో 12 వేల కోట్ల దాకా పోగొట్టుకున్న ఇండిగో 2023-24లో 8,172 కోట్ల లాభం చూపింది. దాని తెలివిని, సమయపాలనను తక్కువ చేయలేం. 2025 డిసెంబర్ మొదటి వారంలో పైలట్ల విశ్రాంతి నిబంధనలకు సరిపడా ఏర్పాట్లు చేసుకోలేక అదే ఇండిగో వేల విమానాలు రద్దు చేసింది. మిగతావాళ్ల టికెట్లు ఆకాశాన్నంటాయి. చివరికి ప్రభుత్వం 500 కిలోమీటర్ల లోపు 7,500 రూపాయలు మించకూడదని, దూరాన్ని బట్టి గరిష్ఠ ధరలు పెట్టాల్సి వచ్చింది.

అవి దేశం లోపలి ప్రయాణాలకు. గల్ఫ్ దారికి అటువంటి గీత ఎవరూ గీయలేదు. పైగా అక్కడ సీట్లకే గీత ఉంది. దుబాయికి, మనకు మధ్య ఒక్కో పక్క వారానికి 65 వేల పైచిలుకు సీట్లే అని 2014లో ఒప్పందమైంది. ఇరువైపులా ఆ సీట్లు నిండిపోయాయి. ఎమిరేట్స్ ఇంకా 50 వేలు అడుగుతోంది, మన ప్రభుత్వం కుదరదంటోంది. కువైట్‌కు మాత్రం 2025 జూలైలో 12 వేల నుంచి 18 వేలకు పెంచారు.

కుదరదనడానికి కారణం ఉంది. ఎమిరేట్స్ ఎక్కేవాళ్లలో చాలామంది దుబాయిలో దిగరు, అక్కడి నుంచి లండన్‌కో న్యూయార్క్‌కో పోతారు. ఆ రాబడి మన కంపెనీలకు రావాలి, ఢిల్లీయో ముంబైయో పెద్ద కూడలి కావాలి అన్నది ఆలోచన. దేశం లెక్కన మంచిదే కావచ్చు. అయితే ఆ ఆలోచనకు ముందుగా ఖర్చు పెడుతున్నది ఎవరు? లండన్ పోయే సాఫ్ట్‌వేర్ మనిషికి దోహా ఉంది, ఇస్తాంబుల్ ఉంది, నేరు విమానం ఉంది. దుబాయిలో తాపీ పని చేసేవాడికి దుబాయి తప్ప వేరే ఊరు లేదు. తల్లి చనిపోతే మర్నాటి టికెట్టు ఎంతైనా కొనాలి. పోటీని ఆపి ఎయిరిండియాను పెంచుతామంటే, ఆ పెంపకం బిల్లు కార్మికుడి పేరున రాయొద్దన్నది నా వాదన. హైదరాబాద్, విజయవాడ, తిరువనంతపురం లాంటి కార్మికుల దారుల్లో సీట్లు పెంచి, ఢిల్లీ ముంబైల సంగతి వేరుగా తేల్చుకోవచ్చు.

5. మన గడప ముందు రన్‌వే

మన దగ్గరికి విమానాశ్రయం ఎప్పుడొస్తుందని ప్రశ్నల సమయంలో ఎట్లాగూ అడుగుతారు గనుక ముందే చెప్తాను. గోదావరి దాటితే బసంత్‌నగర్‌లో పాత రన్‌వే ఉంది, 1980ల్లో వాయుదూత్ చిన్న విమానాలు వాలిన చోటు. వరంగల్ మామునూరుకు 2025 ఫిబ్రవరి చివర్లో అనుమతి వచ్చింది, ఆదిలాబాద్‌కు వైమానిక దళం ఒప్పుకుంది. మామునూరు ఇన్నేళ్లు ఆగడానికి ఒక కారణం చూడండి. శంషాబాద్ కట్టిన జీఎంఆర్‌తో ఒప్పందంలో 150 కిలోమీటర్ల లోపు 25 ఏళ్ల దాకా ఇంకో విమానాశ్రయం రాకూడదన్న షరతు ఉంది. ముందుగా డబ్బు పెట్టినవాడు షరతు రాయించుకున్నాడు. తప్పు పట్టను, అందరూ అట్లా రాయించుకోగలిగితే బాగుండు అంటున్నాను.

రన్‌వే వస్తే విమానం వస్తుందని మాత్రం అనుకోకండి. చిన్న ఊళ్లకు విమానాలు నడిపే ఉడాన్ పథకం కింద 2017 ఏప్రిల్ 27న సిమ్లాతో పాటు మన కడప, నాందేడ్ దారులనూ ప్రధాని జెండా ఊపి ప్రారంభించారు. హైదరాబాద్‌లో పుట్టిన ట్రూజెట్ ఆ దారుల్లో తిరిగింది. 2022 ఫిబ్రవరిలో ఆగిపోయింది. ఉడాన్ కింద ఇచ్చిన 774 దారుల్లో 371 మాత్రమే మొదలయ్యాయని, మూడేళ్ల గడువు పూర్తిచేసినవి 112 మాత్రమేనని కాగ్ 2023లో చెప్పింది. బసంత్‌నగర్ కంటే ముందు నేను అడిగేది మంచిర్యాలలో ఇంకో నాలుగు రైళ్లు ఆగాలని. చప్పట్లు కొట్టినవాళ్లు స్టేషన్లో రాత్రిళ్లు నిలబడ్డవాళ్లని అర్థమైంది.

అదే ఉడాన్‌లో నాకు పనికొచ్చే సంగతి ఒకటి ఉంది. చిన్న ఊళ్ల విమానాలకు సాయం కోసం పెద్ద దారుల్లో ఎగిరే విమానాల మీద చిన్న సుంకం వేస్తున్నారు. అంటే అందరి నుంచి కొంచెం తీసి నిధిగా కూర్చే యంత్రం మన దగ్గర ఇప్పటికే ఉంది. బ్రిటన్‌లో ప్యాకేజీ టూర్లు కొనేవాళ్ల కోసం 1973 నుంచి అటోల్ అనే ఏర్పాటు నడుస్తోంది. ఒక్కో ప్రయాణికుడికి రెండున్నర పౌండ్లు జమ అవుతాయి. 2019 సెప్టెంబర్‌లో థామస్ కుక్ కూలినప్పుడు లక్షన్నరమంది బ్రిటిష్ వాళ్లను ఇంటికి చేర్చారు, అటోల్ ఉన్నవాళ్లకు వాళ్ల ఖర్చు ఆ నిధి భరించింది. మన దగ్గర ప్రతి టికెట్టు మీద యాభై రూపాయలు అట్లా తీసి పెడితే, ఇంకో గో ఫస్ట్ వచ్చినప్పుడు 53వ సెక్షన్ తోకలో నిలబడే అవసరం ఉండదు. కంపెనీలు ఒప్పుకోవు, ఛార్జీ పెరుగుతుందంటాయి. పెరుగుతుంది, యాభై రూపాయలు. వరసగా కాకపోయినా, పౌరవిమానయాన మంత్రుల్లో అప్పుడు అశోక్ గజపతిరాజు గారు, ఇప్పుడు రామ్మోహన్ నాయుడు గారు తెలుగువాళ్లే. అడగడానికి భాష అడ్డం కాదు.

అది వచ్చేలోపు, ఈ హాల్లో వచ్చే నెల టికెట్టు ఉన్న తమ్ముళ్లు ఇంటికి పోగానే ఒక పని చేయండి. ఏజెంటు ఇచ్చిన కాగితం మీద ఫోన్ నంబరు ఎవరిదో చూడండి. ఆయనదైతే కంపెనీకి ఫోన్ చేసి మీది ఎక్కించుకోండి, విమానం రద్దయితే మెసేజ్ ఆ నంబరుకే పోతుంది. పైసలు వీలైతే ఖాతా నుంచి పంపండి, కుదరకపోతే రసీదు రాయించుకోండి. ఏజెంటు దగ్గర కొన్నా డబ్బు వాపసు బాధ్యత విమాన కంపెనీదేనని విమానయాన నియంత్రణ సంస్థ డీజీసీఏ నిబంధన ఉంది. ఏజెంటు తప్పించుకుంటే నేరుగా కంపెనీకే రాయండి. రాయడం రాకపోతే ఈ సభ కార్యదర్శి గారి దగ్గర దరఖాస్తు నమూనా ఉంది, బయటికి పోయేటప్పుడు తీసుకొని పోండి.